చీమలకు వంతెన వేసిన పుస్తకం

"మళ్లీ రాజుల కథలేనా?" అని మేష్టరు నవ్వారు.

అంజి తల ఊపింది. రేకుపెట్టె అడుగు దాకా చెయ్యి పోనిచ్చి, పుస్తకాన్ని పైకి లాగింది. పొద్దున పుస్తకాలు తిరిగి పెట్టేటప్పుడు తనే దాన్ని అన్నిటికీ కిందకి తోసేసింది, ఇంకెవరి కంటా పడకూడదని.

శనివారం బడి వదిలే ముందు ఆ పెట్టెలోంచి పుస్తకాలు ఇస్తారు. పద్మనాభ మేష్టరు దాన్ని చింతామణి పట్నం నుంచి సైకిలు వెనక కట్టుకుని జంగమకోటె బడికి తెచ్చారు. కన్నడ బడి కాబట్టి అందులో పుస్తకాలన్నీ కన్నడంలోనే ఉంటాయి. పిల్లలు కన్నడంలో చదివి, ఇంటికి పోయి తెలుగులో చెప్పుకుంటారు.

ఆ పెట్టెకొక రూలు ఉంది. ఒక్కొక్కరికి రెండు పుస్తకాలు. ఒకటి తమకు నచ్చింది, ఇంకొకటి మేష్టరు ఇచ్చింది.

"ఇదిగో, నేనిచ్చేది," అంటూ మేష్టరు ఒక పల్చటి పుస్తకం అంజి చేతిలో పెట్టారు. అట్ట మీద లావుపాటి పట్టుపురుగు బొమ్మ ఉంది.

పక్కనున్న ముత్యాలప్ప కిసుక్కున నవ్వాడు. "ఇంట్లో పురుగులు చాల్లేదా అంజీ? బుక్కులో కూడా మేపల్లా?"

"నోరు మూసుకోరా."

"సరే గానీ, ఆ రాజుల బుక్కు నాకెప్పుడిస్తావు? నేనింకా ఒక్క తూరి కూడా చూడ్లేదు."

"నాకింకా అయిపోలేదు," అంది అంజి.

ఎప్పుడో అయిపోయింది. ఇప్పుడు మళ్లీ మొదటినుంచి చదువుతోంది.

ఇంటికి పోయేసరికి అమ్మా అవ్వా మల్బరీ ఆకు కోయడానికి బయలుదేరుతున్నారు. ఈ వారమంతా పట్టుపురుగులు ఎంత ఆకు వేసినా తినేస్తాయి. ఆ తరువాత గూళ్లు కడతాయి. అందాకా అమ్మకు సరిగ్గా నిద్ర ఉండదు.

"అంజీ, పురుగులింట్లోనే ఉండు. బల్లి వస్తే తరుము. చీమలు చూసుకో," అంది అమ్మ. వాకిలి దాటి మళ్లీ వెనక్కి వచ్చింది. "చెయ్యి కడుక్కున్యావా? తలుపు దగ్గరికేసుకో."

"అన్నీ చేస్తాలేమ్మా, నువ్వు పో!"

పురుగులింట్లో వెదురు తట్టలు కర్ర స్టాండు మీద అరలు అరలుగా ఉన్నాయి. స్టాండు కాళ్లు నీళ్లు పోసిన మట్టి చిప్పల్లో ఉన్నాయి. చీమలకు ఈత రాదు కదా! నీళ్లు దాటి పైకి ఎక్కలేవు.

అంజి కిటికీ దగ్గర కూర్చుంది. రాజుల పుస్తకం ఒడిలో పెట్టుకుంది. మరి రెండోదాన్ని ఎక్కడ పెట్టాలి? నేల ఇప్పుడే అలికారు, తడిగా ఉంది. పైగా పుస్తకానికి కాలు తగిలితే పాపం. చుట్టూ చూసి, స్టాండుకూ గోడకూ నడుమ ఉన్న సందులో ఇరికించింది. పుస్తకం కదలకుండా నిలబడింది.

ఆ తరువాత రాజకుమారుడు గుహలోకి దూరాడు. అతనితో పాటు అంజీ దూరిపోయింది.

"అంజీ! ఏమే ఇది!"

అంజి ఉలిక్కిపడింది. అమ్మ నెత్తి మీది ఆకు మోపు కింద పడేసి, స్టాండు దగ్గరికి పరుగెత్తింది.

గోడ పగులులోంచి ఎర్రచీమల బారు దిగుతోంది. గోడ మీంచి పుస్తకం మీదికి, పుస్తకం మీంచి తట్టలోకి. తట్టలో పురుగులు మెలికలు తిరుగుతున్నాయి.

ముగ్గురూ ఆ తట్టను బయటికి మోసుకొచ్చారు. కోడి ఈకతో చీమల్ని దులిపారు. మిగతా తట్టలకు ఏమీ కాలేదు. కానీ ఆ తట్టలో సగం పురుగులు చచ్చిపోయాయి.

"బుక్కు ఈడ ఎవురు పెట్టింది?" అంది అవ్వ.

"నేనే," అంది అంజి.

"బుక్కులంట, బుక్కులు! సోమవారం రెండూ తీసకపోయి ఆ మేష్టరయ్యకిచ్చేసి రా. ఇంగ ఒక్కటి కూడా ఈ ఇంట్లోకి తెచ్చేది లేదు!"

అంజి అమ్మ వైపు చూసింది. అమ్మ అవ్వ మాటకు ఎప్పుడూ ఎదురు చెప్పదు. కొంగుతో పుస్తకం మీది చీమల్ని తుడుస్తూ, ఒక్కొక్క పేజీ తిప్పుతోంది. అమ్మ మూడో తరగతిలోనే బడి మానేసింది. అక్షరాలు కూడబలుక్కుంటుంది. ఒక బొమ్మ దగ్గర ఆమె చెయ్యి ఆగింది.

"ఇది మన స్టాండు మాదిరే ఉండాదే. ఏం రాసిండారో సదువు."

అంజి కన్నడంలో చదువుకుని, మెల్లగా తెలుగులో చెప్పింది. "స్టాండు గోడకు దూరంగా పెట్టల్ల. కర్ర గానీ గుడ్డ గానీ నడుమ తగలకూడదు. తగిలితే దాని మీద నడిచి చీమలు..."

ఆ పైన చదవలేకపోయింది. ఆ పేజీ మధ్యాహ్నం నుంచీ తన దగ్గరే ఉంది.

"అది నాకు తెలీదా? బుక్కు చెప్పల్లా?" అంది అవ్వ. బొమ్మ మీదికి వంగి, "ఇంగేం రాసిండాడంట?" అని అడిగింది.

అంజి కళ్లు తుడుచుకుని పేజీ తిప్పింది. "పురుగు నోటితో ఊపిరి పీల్చదంట అవ్వా. పక్కల్లో నల్లచుక్కలు ఉంటాయి కదా, వాటితో పీలుస్తాదంట."

"పోవే, అబద్ధాలు!"

అవ్వ ఒక పురుగును అరచేతిలో పెట్టుకుని వెలుగుకు తిప్పింది. రెండు పక్కలా వరసగా నల్లచుక్కలు కనబడ్డాయి. వాటిని అట్లాగే చూస్తూ ఉండిపోయింది.

"పెండ్లయి వచ్చినప్పట్నించీ మేపుతాండా. దేవుడు పెట్టిన దిష్టిచుక్కలనుకుంటి," అంది.

తరువాత కాళ్లు చాపుకుని కూర్చుంది. "మోకాళ్ల నొప్పికి ఏమన్నా రాసిండాడా అందులో?"

"ఇది పురుగుల బుక్కు అవ్వా!"

"అయితే మోకాళ్ల బుక్కు లేదా ఆ పెట్టెలో?"

అమ్మకు నవ్వొచ్చింది. ఆ నవ్వులోనే, ఎవరూ వినకపోయినా ఫరవాలేదన్నట్టు, "రైలుది ఉంటాదా?" అంది. "ఉత్త నీళ్లూ బొగ్గుతో అంత బండి ఎట్ల పోతాదో, చిన్నప్పట్నించీ తెలుసుకోవాలని నాకు."

అంజి ఆశ్చర్యంగా చూసింది. అమ్మ ఇదివరకెప్పుడూ ఈ మాట అనలేదు.

"అయితే బుక్కులు తేవచ్చా అవ్వా?"

"తే. పురుగులింట్లోకి మాత్రం తెస్తే కాళ్లిరగ్గొడతా. అరుగు మీద కూర్చోని సదువు, నాకూ వినపడాల."

ఆ సాయంత్రం అంజి చిప్పల్లో కొత్త నీళ్లు పోసింది. గోడకూ స్టాండుకూ నడుమ చెయ్యి పెట్టి, ఏదీ తగలడం లేదని చూసుకుంది. ఆ వారమంతా నిద్ర లేవగానే చేసిన మొదటి పని అదే.

మళ్లీ శనివారానికి పురుగులు గూళ్లు కట్టడం మొదలుపెట్టాయి.

బళ్లో పెట్టె తెరవకముందే అంజి రాజుల పుస్తకాన్ని ముత్యాలప్ప చేతిలో పెట్టింది. "తీసుకో. నాకు ఎప్పుడో అయిపోయింది. గుహ కథ మొదట సదువు."

ముత్యాలప్ప నోరు తెరిచాడు. "ఏమైందే నీకు?"

అంజి అప్పటికే పెట్టె ముందు ఉంది. ఈసారి అడుగున వెతకలేదు. ఒక్కొక్క పుస్తకం బయటికి తీసి అట్ట చూస్తోంది. నక్షత్రాలు. నీళ్లు. ఎవరో దేశాలు తిరిగొచ్చినాయన. మందు చెట్లు. ఇన్ని ఉన్నాయా ఇందులో!

"మేష్ట్రే, మోకాళ్ల నొప్పిది ఉండాదా? రైలుది?"

మేష్టరు కళ్లజోడు సర్దుకున్నారు. మందు చెట్ల పుస్తకం, రైలు బొమ్మ ఉన్న పుస్తకం వెతికి ఇచ్చారు. "వీటిలో నీకు నచ్చింది ఏది? నేనిచ్చింది ఏది?"

అంజి రెండింటినీ గుండెకు హత్తుకుంది.

"సదివినాక చెప్తాను, మేష్ట్రే," అని ఇంటి వైపు పరుగెత్తింది.