పాము పేరెత్తని ఇల్లు

ఆ ఉదయం కుప్పమ్మాళ్ గంజిలో రెండోసారి ఉప్పు వేసి కలిపింది. పక్కన జడ వేసుకుంటున్న కూతురు పూంగొడి అది చూసి కూడా ఊరుకోలేదు.

“ఆర్డీవో వస్తున్నాడమ్మా. హైకోర్టు మళ్ళీ విచారించమంటేనే వస్తున్నాడు. నువ్వు నోరు విప్పాలని వకీలమ్మ మరీ మరీ చెప్పింది.”

“ఏం చెప్పమంటావే? ఇరులర్ జాతివాళ్ళమని చెప్తాను.”

“అది పోయినసారి నేనూ చెప్పాను. విన్నాడా? ఇరులర్ పిల్లవైతే పామును పట్టి చూపించమని బుట్ట తెప్పించి నా ముందు పెట్టాడు. నేను గోడకి అతుక్కుపోయాను. ఈమెలో గిరిజన లక్షణాల్లేవని రాసి పారేశాడు.”

నర్సింగ్ కాలేజీలో సీటు వచ్చింది. నెలాఖరులోగా గిరిజన సర్టిఫికెట్ తేకపోతే అది ఇంకొకరికి పోతుంది.

కుప్పమ్మాళ్ గంజి గిన్నె దించింది. ఆ ఇంట్లో పాము పేరు ఎవరూ ఎత్తరు; కూతురి నోట ఆ మాట వినడం ఇదే మొదటిసారి. నాన్న చొక్కన్ జ్వరంతో పోయాడనే పూంగొడికి తెలుసు. నిజానికి బియ్యం మిల్లు వెనక పుట్టలో చెయ్యి పెట్టి, ఉబ్బిన చేత్తో ఇల్లు చేరాడతను. అప్పుడు పూంగొడి కడుపులో ఉంది. ఆ మాసి నెల పున్నమికి కుప్పమ్మాళ్ సముద్రంలో నడుము లోతున నిలబడి తమ కులదేవత, పాముల తల్లి కన్నియమ్మకు మొక్కుకుంది. నీ జీవం పేరు నా ఇంట్లో పలకను తల్లీ, నా బిడ్డ జోలికి రాకు అని.

మొక్కు తప్పలేదు గానీ చొక్కన్ ఆమెను వదల్లేదు. వాన పడితే చాలు, గడప అవతల కూర్చుని లోపలికి రమ్మంటావా అని చూస్తున్నట్టుంటుంది. ఇప్పుడు నోరు విప్పితే కన్నియమ్మ బిడ్డను తీసుకుపోతుందేమోనని ఆమె భయం.

“మన జాతిలో పుట్టి మన పని తెలీనిదాన్ని నేనొక్కదాన్నే,” అంది పూంగొడి. “ఆ పని నీకు సిగ్గయితే కావచ్చు. నా బతుకెందుకు పాడు చేస్తావు?”

“సిగ్గా?” అంది కుప్పమ్మాళ్. బయట జీపు ఆగింది.

పక్కింటి నుంచి తెచ్చిన కుర్చీలో కూర్చుని ఆర్డీవో కాగితాలు విప్పాడు.

“నీ భర్త ఎలా పోయాడమ్మా?”

జ్వరం అనే మాట అలవాటుగా నాలుక చివరికొచ్చింది. కూతురు అప్పటికే ఆశ వదులుకుని తల దించేసింది. ఆ వంచిన మెడ చూసి తల్లి ఆ మాట మింగేసింది.

“పాము కరిచి పోయాడు సార్. పట్టబోతే కరిచింది. చెయ్యి మోచేతి దాకా నల్లబడిపోయింది. నా ఒళ్ళోనే ప్రాణం పోయింది.”

పూంగొడి చివ్వున తలెత్తింది. చుట్టూ గుమిగూడిన ఊరి పెద్దవాళ్ళు నిజమేనని తలలూపారు.

“పాములు పట్టేవాడి కూతురికి ఆ పని ఎందుకు నేర్పలేదు మరి?”

“నేర్పి ఉంటే మీరడిగినప్పుడు పట్టి చూపించేదే సార్. ఎప్పుడో ఒకనాడు వాళ్ళ నాన్నలాగే ఇంటికొచ్చేది. మా పిల్లలు చస్తే గానీ మేము ఎవరమో మీకు రుజువు కాదా?”

ఆర్డీవో కాగితాల మీదికి వంగాడు. చాలాసేపు రాసుకుని, రిపోర్టు పంపిస్తానని లేచి వెళ్ళిపోయాడు.

పూంగొడి వచ్చి తల్లి కాళ్ళ దగ్గర కూలబడింది. “తప్పయిందమ్మా. నాకు చెప్పి ఉండొచ్చు కదా.”

కుప్పమ్మాళ్ అప్పుడు మొక్కు సంగతి చెప్పింది. చెబుతూనే బిడ్డ వేళ్ళు ఒక్కొక్కటీ తిప్పి చూసుకుంది.

“ఆమెకిచ్చిన మాట తప్పానే. నిన్నేమన్నా చేస్తే?”

“నేనిక్కడే ఉన్నాను కదమ్మా,” అంటూ పూంగొడి ఏడ్చేసింది.

సర్టిఫికెట్ వచ్చింది. పూంగొడి హాస్టల్లో చేరింది. ఊరంతా సంబరపడింది గానీ కుప్పమ్మాళ్‌కి నిద్ర లేదు. రోజూ పొద్దున్నే ఫోన్ చేసి, తిన్నావా అని కూడా అడక్కుండా, చేతులెలా ఉన్నాయే అంటుంది.

పక్కనున్న పిల్లలు నవ్వుతారు. పూంగొడి నవ్వదు. చేతులు రెండూ కళ్ళ ముందుకు తెచ్చుకుని నిజంగానే చూసుకుని చెబుతుంది.

“బాగున్నాయమ్మా. రెండూ బాగున్నాయి.”