బోరు పాయింట్ దగ్గర రక్తం

ఉదయం 7:10. కనకమామిడిలోని ఒక ఫామ్‌హౌస్‌లో వాచ్‌మన్ స్వామిదాసు కనిపించడం లేదని ఆయన భార్య లిదియా పోలీసులకు ఫోన్ చేసింది.

ఎస్సై సమత వెళ్లేసరికి బోరు పాయింట్ దగ్గర టార్పాలిన్ కింద రక్తం ఉంది. ఇంకా ఆరలేదు.

"కోడి రక్తం మేడమ్" అన్నాడు సూపర్‌వైజర్ ఆంజనేయులు. "ఇయ్యాల బోరు బండొస్తది. కోడిని కోసుడు మామూలే కద."

"కోడేది?"

"కూరకు పంపిన."

"కోసిందెవరు?"

"స్వామిదాసే. కోసి యాడికో పోయిండు."

కానిస్టేబుల్ యాదయ్య తలూపాడు. ఆయన కూడా తన బోరుకు కోడిని కోసినవాడే.

లిదియా ఒప్పుకోలేదు. "మా ఆయన చర్చి పెద్ద మేడమ్. మొక్కు కోడి కూర గూడ ముట్టడు. కోస్తడా? బీపీ గోలీ ఏస్కోలే. జర జల్ది ఎతుకుర్రి."

సమత రక్తం కొంత సీసాలోకి తీసుకుంది. యాదయ్యను కాపలా పెట్టి చేవెళ్ల ఆస్పత్రి ల్యాబ్‌కు బయల్దేరింది.

ల్యాబ్‌లో డాక్టర్ గీతాంజలి స్లయిడ్‌కు రంగు వేసి మైక్రోస్కోప్ కింద పెట్టింది. "మీరే చూడండి. కోడి ఎర్రకణం కోలగ ఉంటది, నడుమ న్యూక్లియస్ ఉంటది. మనిషిదాంట్ల ఉండదు."

సమత చూసింది. ఊదారంగు న్యూక్లియస్ కనిపించింది.

"ఉన్నది డాక్టర్. కోడిదే." యాదయ్యను వెనక్కి రమ్మనడానికి ఫోన్ తీసింది.

"ఆగండి. అది తెల్లకణం. కొత్త స్టూడెంట్లందరు గక్కడనే బోల్తా పడ్తరు. చుట్టూ ఉన్నయి చూడండి."

చుట్టూ వందలున్నాయి. గుండ్రంగా, నడుమ పాలిపోయి. ఒక్కదానిలోనూ న్యూక్లియస్ లేదు.

"మనిషిదేనా?"

"అది ఫోరెన్సిక్ వాళ్లు చెప్పాలె. కోడిది మాత్రం కాదు."

జీపు తిరిగొచ్చేసరికి ఆంజనేయులు యాదయ్యను ఆటపట్టిస్తున్నాడు. "కోడికి పోస్ట్‌మార్టమా అన్నా?"

"చేసినం" అంది సమత. "నీ కోడి రక్తంల కోడి కణం ఒక్కటి లేదు. కోసిండన్నవే, ఆయన మొక్కు కోడిని ముట్టనే ముట్టడు. స్వామిదాసు యాడున్నడు?"

ఆంజనేయులు చూపు నీళ్ల సంపు వైపు పోయింది. మూత మీద సిమెంటు బస్తాలు.

"నేను మోటరు వైరు దొంగతనంగ కోస్తుంటె చూసిండు మేడమ్" అన్నాడు. "ఒక్కటే దెబ్బ కొట్టిన."

యాదయ్య బస్తాలు లాగేశాడు. లోపల మోకాలి లోతు నీళ్లు. స్వామిదాసు గోడకు ఒరిగి ఉన్నాడు. తల పగిలింది.

సమత సంపులోకి దిగి ఆయన మెడ మీద వేళ్లు పెట్టింది. పైనుంచి లిదియా వంగి చూసింది.

10:35. నాడి ఆడుతోంది.