మిల్లు తెరిచినారన్న మాట

పంకజాక్షి కాఫీ కలుపుతుండగా భర్త దేవరాజులు ఖాకీ చొక్కా వేసుకుని వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు.

"క్యారియర్ కట్టినావా? షిఫ్టుకి టైమయిపోతాంది."

"ఈపొద్దు సెలవు. పోయి కూర్చో," అందామె.

చిత్తూరు దగ్గర ఆయన పనిచేసిన చక్కెర మిల్లు మూతపడి ఏళ్ళు గడిచాయి. మతిమరుపు జబ్బు ముదిరినా, ఆ సంగతి మాత్రం ఆయనకు గుర్తుండేది. కొద్దిరోజులుగానే ఇలా రోజూ డ్యూటీకి బయల్దేరుతున్నాడు. ఎందుకో ఆమెకు అంతుబట్టలేదు.

ముందుగదిలో కూతురు మోహన లాప్‌టాప్ ముందు కూర్చుని ఉంది. మూతపడిన ఫ్యాక్టరీల మీద ఆమె తీస్తున్న డాక్యుమెంటరీని వచ్చేవారం తిరుపతిలో చూపించాలి. కాఫీ ఇవ్వబోయిన పంకజాక్షి తెర మీద భర్తను చూసి ఆగిపోయింది.

మూతపడిన మిల్లులో తుప్పుపట్టిన గానుగల మధ్య నిలబడి, ఎప్పుడో చనిపోయిన స్నేహితుణ్ణి పిలుస్తున్నాడు. "గోవిందయ్యా! చెరుకు వదలప్పా!" తర్వాత కెమెరా వైపు తిరిగాడు. "మళ్ళీ నడుస్తాందా పాపా?"

"అవును నాయనా. మిల్లు తెరిచినారు. నిన్ను డ్యూటీకి రమ్మన్నారు."

ఆయన ముఖం విప్పారింది.

"అది నీ గొంతే గదా?" అంది పంకజాక్షి.

మోహన ఉలిక్కిపడి వీడియో ఆపింది. "అమ్మా, నాయన అట్ల నవ్వి ఎన్నాళ్ళయిందో సూడు. సినిమాకంతా ఇదే ప్రాణం..."

"ఆ నవ్వు కోసం అబద్ధం చెప్పినావా? నిన్న నేను తలుపేస్తే, పనిలోంచి తీసేస్తారని పసిబిడ్డ మాదిరి ఏడ్చినాడు. నువ్వు చెవులు మూసుకోని ఈడ ఆయన నవ్వు సూసుకుంటాండావు!"

మోహన లాప్‌టాప్ మూసింది. ఒక్క మాటే కదా, సాయంత్రానికి మరిచిపోతాడులే అనుకుంది ఆ షూటింగ్ రోజున. అన్నీ మరిచిపోయే మనిషి ఆ ఒక్కమాటే పట్టుకున్నాడు.

"ఏమయ్యా?" పంకజాక్షి పిలిచింది. వంటింట్లోకి తొంగిచూసింది. పెరటి తలుపు తెరిచి ఉంది, ఆయన లేడు.

మోహన స్కూటరు తీసుకుని నేరుగా మిల్లుకు వెళ్ళింది. దేవరాజులు తాళం వేసిన గేటు ఊచలు పట్టుకుని నిలబడి ఉన్నాడు.

"వాచ్‌మెన్ యాడికి పోయినాడో. ఎంత పిలిచినా రాలేదు."

మోహన ఆయన చేతులు పట్టుకుంది. "నాయనా, మిల్లు ఎప్పుడో మూసేసినారు. తెరిచినారని నేనే అబద్ధం చెప్పినా."

ఆయన గేటు తాళం వైపు చూశాడు. "మరి గోవిందయ్య?"

"లేడు నాయనా. చచ్చిపోయినాడు."

దేవరాజులు గేటుకి ఆనుకుని అలాగే కూలబడ్డాడు. ఆ చావు కబురు అప్పుడే విన్నట్టు వెక్కివెక్కి ఏడ్చాడు. పక్కనే మట్టిలో కూర్చున్న మోహనకు ఒక్కటే అర్థమయింది. రేపు మళ్ళీ బయల్దేరితే, రేపు మళ్ళీ చెప్పాలి. మళ్ళీ ఇలాగే ఏడుస్తాడు. ఇంత దుఃఖమూ తను తెచ్చిపెట్టిందే. మోకాళ్ళలో తల దాచుకుని ఆమె కూడా ఏడ్చింది.

కాసేపటికి ఒక గరుకు చెయ్యి ఆమె తల నిమిరింది.

"ఎవురు పాపా నువ్వు? నీకూ పని పోయిందా?"

మోహన తల ఊపింది.

"ఏడవద్దు. ఇంటికి పోదాం పా. మా పంకజం అన్నం పెడతాది."

ఇంటి ముందు ఎదురుచూస్తున్న భార్యతో ఆయనే చెప్పాడు. "ఈ పాపకి అన్నం పెట్టు. పొద్దుట్నించి ఏమీ తిన్లేదు. మిల్లు మూసేసినారంట."

పంకజాక్షి కూతురి ఉబ్బిన కళ్ళను చూసింది.

"ఆ సీను తీసేస్తానమ్మా. రేపట్నించి పొద్దున్నే నాయన దగ్గర నేనుంటా," అంది మోహన.

పంకజాక్షి కొంగుతో ఆమె ముఖం తుడిచింది.

"కాళ్ళు కడుక్కోని రా. ఇద్దరికీ వడ్డిస్తా."