కుడికాలి మేజోడు

కనోకో శవాన్ని చాప మీద పడుకోబెట్టారు. మెడ మీద జనపనార తాడు అచ్చు. కుడి అరచెయ్యి తెరిచి ఉంది.

ఒసాకాలోని ఆ చిన్న థియేటర్లో పెద్దలకు మాత్రమే ప్రవేశం. అక్కడ తాళ్ళతో బంధించే ప్రదర్శన ఏళ్ళ తరబడి సాగుతోంది. కట్టేవాడు కుజే. కట్టించుకునేది కనోకో. ఓర్చుకోలేనప్పుడు ఆమె చేతిలోని చిన్న గంటను వదిలెయ్యాలి. అది మోగితే ఆయన విప్పెయ్యాలి. అదే నియమం.

మధ్యాహ్నం రిహార్సల్లో ఆమెను దూలానికి పైకి లేపారు. ఛాతీ మీది తాడు మెడకు జారింది. కుజే అప్పుడు అటు తిరిగి ఇంకో తాడు ఎంచుకుంటున్నాడు.

"గంట మోగలేదు," అన్నాడు కుజే. "పైతాడు కట్టింది నా శిష్యురాలు రుయి. కనోకో స్థానం మీద దానికి ఎప్పటినుంచో కన్ను. దాన్నడగండి!"

ఇన్‌స్పెక్టర్ హినాసే దూలం పరీక్షించింది. పైముడి చెక్కుచెదరలేదు. గంట తెర అంచున దొరికింది.

"నువ్వెక్కడున్నావు?" రుయిని అడిగింది.

"కింద, టికెట్ కిటికీ దగ్గర."

"సాక్షులు?"

"ఎవరూ లేరు." రుయి హినాసే చెయ్యి పట్టుకుంది. "నన్నే పట్టుకెళ్తారు కదూ? ఆ స్థానం నాకు కావాలనుకున్న మాట నిజమే మేడమ్. కానీ కనోకో అక్క పోవాలని కాదు."

"కనోకో, మీ గురువుగారు గొడవపడ్డారా?"

"నేను పైతాడు కడుతుంటే విన్నాను. ఒక్క కాలైనా నేల మీద ఉంచమంది అక్క. 'ముసలిదానివైపోయావే! నా మీద నమ్మకం పోయిందా?' అన్నారు గురువుగారు. అక్క నవ్వేసింది. 'సరే, మీ ఇష్టం' అంది."

హినాసే గోడ మీది పాత ప్రదర్శనల ఫొటోలన్నీ చూసింది. తర్వాత శవం కాళ్ళు చూసింది. సాయంత్రం ఇద్దరినీ వేదిక మీదికి పిలిచింది.

"ఇన్నేళ్ళలో కనోకో ఎన్నిసార్లు గంట వదిలింది?"

"ఒక్కసారీ లేదు." కుజే గొంతులో గర్వం. "అంతదాకా రానిస్తానా? దాని మనసు నాకు ముందే తెలిసిపోతుంది."

హినాసే ఆయన వెనక్కి వెళ్ళి గంట వదిలింది. రుయి ఉలిక్కిపడింది. కుజే మాట్లాడుతూనే ఉన్నాడు.

"గురువుగారూ, గంట ఇప్పుడే మోగింది."

కుజే చెయ్యి చెవి మీదికి వెళ్ళింది.

"మీకు మాటలు వినిపిస్తాయి. సన్నని మోతలు వినిపించవు. మీరు దాచారు. ఆమెకు తెలుసు."

"అబద్ధం! మరి ఇన్నేళ్ళూ నాకెలా తెలిసింది?"

హినాసే కుడి కాలి బొటనవేలితో వేదిక చెక్కను రెండుసార్లు తట్టింది.

కుజే చేతులు వాటంతటవే గాల్లోకి లేచి ముడి వెతికాయి.

"ఆగు కనోకో, విప్పేస్తున్నా..."

వెనక్కి తిరిగాడు. కనోకో లేదు.

హినాసే కనోకో తెల్ల మేజోళ్ళు చూపించింది. ఎడమది కొత్తదానిలా ఉంది. కుడిదాని బొటనవేలు దగ్గర కుట్టు మీద కుట్టు. "అంత ఖరీదైన పట్టు కట్టే మనిషి ఈ ఒక్క వేలినే ఇన్నిసార్లు ఎందుకు కుట్టుకుంది? ఏ ఫొటోలో చూసినా ఈ వేలు నేలకే ఆని ఉంది. ఆమె తడితే చెక్క అదురు మీ పాదాలకు తెలిసేది. మనసు చదివాననుకున్నారు మీరు. అలాగే అనుకోనిచ్చింది. ఇవాళ మీరామెకు నేల లేకుండా చేశారు. గంట వదిలింది. మీకు వినపడలేదు."

రుయి ముఖం కప్పుకుని ఏడ్చింది.

"ఒక్క మాట చెప్పకూడదా నాతో?" అన్నాడు కుజే.

"చెబితే మీరు తాడు పట్టడమే మానేసేవారు," అంది హినాసే.

కుజే వేదిక మీద కూర్చున్నాడు. అరచెయ్యి చెక్క మీద ఆనించాడు. కానిస్టేబుల్ వచ్చి భుజం తట్టినా తియ్యలేదు.