బండి మీద నుంచి పడని బాపు

"ఎస్ అని కొట్టు మనీషా. ఒక్క అక్షరమే కదా."

శ్రవణ్‌కుమార్ కౌంటర్ మీదికి వంగి అన్నాడు. బయట వాన దంచుతోంది. మనీష మాత్రం కీబోర్డు మీద నుంచి చేతులు తీసేసింది.

నల్గొండలోని ఆ ప్రైవేటు దవాఖానలో రోగాలకు కోడ్‌లు వేయడం ఆమె పని. కోడ్ వేసి పంపితేనే ఇన్సూరెన్స్ వాళ్లు ఆపరేషన్‌కు అనుమతి ఇస్తారు. కండను ఎముకకు కట్టి ఉంచే తాడును మన దిక్కు అందరూ నరమే అంటారు. అది దెబ్బ తగిలి తెగితే ఎస్‌తో మొదలయ్యే కోడ్. లోపల బలం తగ్గి తనంతట తానే తెగితే ఎం. అనుమతి దేనికైనా వస్తుంది. మరి ఈ పిల్లకెందుకింత పట్టుదల?

"బాపు బండి మీదికెళ్లి పడ్డడు. మడమ నరం తెగింది. ఇంకేం కావాలె నీకు?"

"ఒంటి మీద ఒక్క గీత లేదు శ్రవణ్. లుంగీకి మట్టి సుత అంటలే. గట్లెట్ల పడ్డడు?"

"అంటే మా బాపు అబద్ధమాడుతుండా?"

"గట్ల అనలే."

"గట్లనే అన్నవ్."

వీళ్లిద్దరికీ పరిచయమై ఏడాది. క్లాక్ టవర్ దగ్గర కళ్లజోళ్ల దుకాణంలో పని చేసే శ్రవణ్ మొదటి రోజు ఆమె చేత అక్షరాల బోర్డు మూడుసార్లు చదివించాడు. చూపు పరీక్షించడానికి ఒకసారి చాలు, మిగతా రెండూ ఆ కళ్ల కోసమే. ఆ తరువాత ఆమె కళ్లజోడు స్క్రూ ఎందుకో తరచూ వదులైపోయేది. ఎలా వదులవుతోందని అతను అడిగిన పాపాన పోలేదు.

"రేపు ఆయన ముంగట నీ పేరు ఎత్తాలనుకున్న," అన్నాడు గొంతు తగ్గించి. "మీది కేతేపల్లిల వ్యవసాయం చేసే ఇల్లు, మాది చండూరుల మగ్గం నేసే ఇల్లు. ఎట్ల ఒప్పియ్యాల్నా అని నేను ఫికర్ పడుతుంటే, నువ్వేమో ఆయన్నే ఝూటా మనిషిని చేస్తున్నవ్."

మనీష కీబోర్డు వైపు చూసింది. ఎస్ కొట్టేస్తే ఎవరూ అడగరు. మామ కావాల్సిన మనిషితో మొదటి మాటే తగువు కాకుండా పోతుంది.

"దెబ్బ అని రాస్తే, నరం ఎందుకు బలం తప్పిందో ఎవ్వలూ అడగరు. కుట్టేసి ఇంటికి పంపుతరు. రేపు రెండో కాలుది గూడ తెగితే?"

"నీ ఇష్టం," అని అతను వరండాలోకి వెళ్లిపోయాడు. ఆ రెండు మాటలూ ఆమెకు చెంపదెబ్బలా తగిలాయి.

మనీష డాక్టరుకు ఫోన్ చేసి తన అనుమానం చెప్పింది. వస్తున్నానని, ఈలోపు పెద్దాయనతో మాట్లాడమని ఆయన అన్నాడు.

వార్డులో శ్రవణ్ తండ్రి వెంకటనర్సు కాలికి కట్టుతో పడుకుని ఉన్నాడు. మనీషకు ఏమని పిలవాలో తోచలేదు. కాకా అంటే శ్రవణ్ అన్న వరస అవుతాడు. మామా అనే ధైర్యం లేదు.

"సార్," అంది చివరికి. "మీరు పడలేదు కదా."

పెద్దాయన ముఖం బిగుసుకుంది. గుమ్మంలో శ్రవణ్ నిలబడి ఉన్నాడని ఆమెకు అలికిడిని బట్టి తెలిసింది. అయినా ఆగలేదు.

"తప్పు పట్టనీకి అడుగుతలేను సార్. నాకు మీ రెండో కాలు గురించే భయం. ఏమన్న గోళీలు మింగుతున్నరా?"

ఆయన ఆమె కళ్లజోడు వైపు చూశాడు.

"వాని ఫోన్ల ఉన్న కళ్లద్దాల పిల్లవు నువ్వే కదా?"

గుమ్మంలోంచి శ్రవణ్ లోపలికి వచ్చాడు.

"మగ్గం మీదనే తెగింది బిడ్డా. గుంటల కూసొని చెక్క తొక్కుతుంటే వెనకకెళ్లి ఎవలో తన్నినట్టయ్యింది. తిరిగి చూస్తే ఎవ్వలు లేరు."

"మరి బండి అని ఎందుకు చెప్పినవ్ బాపు?"

"మగ్గం అంటే నువ్వు పీకేస్తవ్. దినాం అదే మాట కదరా నీది. దాని మీద చీర సగం ఉన్నది."

"ఎవరిదా చీర?"

"మన ఇంట్ల కోడలికి దుకాణం చీర పెడ్తమా? మీ అమ్మది మా బాపు నేసిండు. జల్ది అయిపోవాలని, మోకాళ్లు సతాయిస్తున్నా అంగడి గోళీలు మింగుకుంట కూసున్న."

మనీష చెయ్యి చాపింది. అంగీ జేబులోంచి గోళీల పట్టీ వచ్చింది. అప్పుడే వచ్చిన డాక్టర్ దాన్ని తిప్పి చూశాడు. "స్టెరాయిడ్. నొప్పిని అణుస్తుంది, నరం బలం తినేస్తుంది. మెల్లమెల్లగా మాన్పిద్దాం. రెండో కాలుకూ పరీక్ష చేయాలి. మంచి పని చేశావమ్మా."

మనీష ఎం కోడ్ వేసి పంపింది. సాయంత్రానికి అనుమతి వచ్చింది.

శ్రవణ్ కౌంటర్ ముందుకు వచ్చి నిలబడ్డాడు. "కళ్లజోడు ఇటియ్యి. స్క్రూ వదులైనట్టుంది."

"గట్టిగనే ఉన్నది."

"అయినా ఇయ్యి." తుడుస్తూ తల ఎత్తలేదు. "భయమైంది మనీషా. ఆయన నీ మీద కోపం పెట్టుకుంటే నేనెట్ల బతకాల్నో తెల్వక నోరు జారిన."

"ఇంకోసారి నీ ఇష్టం అని పోతే, నిజంగనే నా ఇష్టం చేస్త," అంది ఆమె. కళ్లలో నీళ్లు, పెదవి మీద నవ్వు.

పెద్దాయన కాలు మెల్లగా కూడుకుంది. మనీష తండ్రి సైదులు మొదట గొణిగినా, కూతురితో చండూరు వచ్చి మగ్గం చూసి మెత్తబడ్డాడు. ఆ వేళ మగ్గం గుంటలో కూర్చున్నది శ్రవణ్. మగ్గం పీకేస్తానన్న మొనగాడే చెమటలు కక్కుతూ చెక్క తొక్కుతున్నాడు.

"ఇప్పుడెట్లున్నది కాలు, సార్?" అంది మనీష.

"ఇంకా సారేంది? మామా అను," అన్నాడు వెంకటనర్సు. చీర మీద వేలు పెట్టాడు. "ఈడిదాక నా నేత. ఆడికెళ్లి వానిది, జర వంకర పోయింది. కుచ్చిళ్లల్ల దోపుకుంటే కనపడదు బిడ్డా."

మనీష ఆ వంకర గీతను తడిమి చూసింది.

"లేదు మామా. గది అందరికి కనపడేటట్టే కట్టుకుంట."