మేడగదిలో ఊఁకారం

ఆ సందు చివరి మేడ మంచిది కాదని అందరూ చెప్పుకునేవారు. పొద్దుగూకిన తరువాత అటు అడుగు వేయాలంటే గుండెలు తీసిన బంట్లకు సైతం కాళ్ళాడేవి కావు. అక్కడ ఏడుపులూ లేవు, గజ్జెల చప్పుడూ లేదు. పైగదిలోంచి ఒక "ఊఁ…" మాత్రం వినవచ్చేది. కాసేపు నిశ్శబ్దం. మళ్ళీ— "ఊఁ…"

ఎవరో చెబుతున్న కథకు ఎవరో ఊఁ కొడుతున్నట్టు. కాని చెప్పే గొంతు మాత్రం ఎవరికీ వినబడేది కాదు.

ఇది మా మేనమామ చెప్పగా విన్నది. ఆయన శ్రోతృపీఠమనే మఠంలో పుస్తకాలకు అట్టలు కట్టేవాడు. ఆ సంప్రదాయంవారి పవిత్రగ్రంథం 'అనుశ్రుతి'. ఆదిలో తొలిమాట పుట్టినప్పుడు చీకటి "ఊఁ" అన్నదనీ, ఆ ఒక్క ఊఁకారం మీదనే లోకం నిలిచినదనీ వారి విశ్వాసం. అందుచేత అనుశ్రుతిని ఒంటరిగా పఠించరాదు. ప్రతి పద్యం చివరా ఎదుట కూర్చున్నవారు ఊఁ కొట్టి తీరాలి. ఒక్క పద్యానికి ఊఁ పడకపోయినా పారాయణం భగ్నమైనట్టే. గ్రంథం పీఠానికి అప్పగించవలసిందే.

ఆ మేడలో ఉండేవారు అనుశ్రుతి పాఠకుడైన ఒక వృద్ధుడూ, ఆయన భార్యా. జబ్బుచేసి ఆ వృద్ధుని కంఠం పూర్తిగా పడిపోయింది. దెయ్యమే ఆయన గొంతు పట్టుకుపోయిందని జనం తీర్మానించారు.

పీఠాధిపతి మామయ్యను పిలిపించాడు. "మాటే లేనివాడికి ఊఁ ఎవరు కొడతారయ్యా? రాత్రి పారాయణవేళకు వెళ్ళి చూడు. ఊఁ పడకపోతే పుస్తకం పట్టుకొచ్చెయ్."

మెట్ల మీద దీపం లేదు. గోడ తడుముకుంటూ ఎక్కాడు మామయ్య. సగం ఎక్కేసరికి, తలకు పైన—

"ఊఁ…"

అయినా ఎక్కాడు. ఓరగా తెరిచిన తలుపు సందులోంచి చూశాడు.

ప్రమిదె వెలుగులో వృద్ధుడు పెదవులు మాత్రం కదుపుతున్నాడు. వేలు పంక్తి వెంట సాగుతోంది. ఎదుట పీట మీద భార్య, రెప్ప వాల్చకుండా ఆ పెదవులనే చూస్తోంది. వేలు పద్యం చివర ఆగింది.

"ఊఁ…" అన్నదావిడ.

ఇదా దెయ్యం! మామయ్యకు లోలోపలే నవ్వొచ్చింది. అంతలో ఆవిడకు దగ్గుతెర ముంచుకొచ్చింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకుని, చప్పుడు కాకుండా బయటికి వచ్చి, తలుపు పక్కనున్న కుండలో చెంబు ముంచింది. అప్పుడు చూసింది మామయ్యను.

"పీఠం నుంచేనా, బాబూ?"

"అవునమ్మా… పుస్తకం కోసం."

"అది పట్టుకెళ్ళారంటే ఇంక ఆయన ఉండరు." అంతే అన్నది. మళ్ళీ దగ్గు.

లోపల వేలు చివరి పాదంలోకి దిగింది. ఏ పని మీద వచ్చాడో మరిచిపోయాడు మామయ్య.

"అమ్మా… పద్యం అయిపోతోంది… వెళ్ళండి, త్వరగా!"

"దగ్గు తగ్గనీ బాబూ. కంగారెందుకు?"

వేలు పద్యాంతాన ఆగింది… పంక్తి మీంచి లేచింది… ఎదురుచూస్తోంది…

"ఊఁ."

వేలు తరువాతి పద్యానికి జరిగింది.

పీట ఖాళీగా ఉంది. గదిలో మరెవరూ లేరు. ఆవిడ పక్కనే నిలబడి, తీరిగ్గా నీళ్ళు తాగుతోంది.

"ఎవరమ్మా… అది?"

"మా అత్తగారు." చెంబు దించి, ఆవిడ ఇంకా గొంతు తగ్గించింది. "బతికున్నన్నాళ్ళూ ఇటు పుల్ల తీసి అటు పెట్టలేదు, మహాతల్లి. ఇప్పుడు చూడు— నేను లేవగానే అందుకుంటుంది. కొడుకు పని కదా మరి!"

"ఊఁ!!"

ఈసారి పద్యం మధ్యలో… పీట దగ్గరనుంచి కాదు— సరిగ్గా తలుపు వెనకనుంచి.

ఆ ఇల్లాలు నాలుక కరుచుకుంది. "అయ్యో… విన్నట్టుంది" అంటూ గబగబా లోపలికి వెళ్ళిపోయింది.

మామయ్య మెట్లు ఎలా దిగాడో ఆయనకే తెలియదు. మరునాడు ఉత్త చేతులతో పీఠాధిపతి ఎదుట నిలబడి, పారాయణం ఎక్కడా ఆగలేదనీ, గ్రంథం అక్కడే ఉండాలనీ విన్నవించాడు.

"ఊఁ కొడుతున్నది ఎవరయ్యా?" అన్నాడు పీఠాధిపతి.

మామయ్య ఒకసారి వెనక్కి తిరిగి చూసుకుని, మెల్లగా అన్నాడట—

"ఇంటివాళ్ళేనండి."