ఏడ్పుల మడుగుల సంపూర్ణ వల

భద్రాచలం అవతల గోదారి నడుమ ఒక లంక ఉన్నది. చేపలు పట్టుకొని బతికేటోళ్లే అందరు. ఆ లంక కొసకున్న లోతు నీళ్లను ఏడ్పుల మడుగంటరు. పొద్దుగూకినంక అటు ఎవ్వరూ పడవ తిప్పరు. నీళ్లల్ల పసిపిల్లలు ఏడుస్తరట... వేసిన వల తెల్లారేసరికి చినిగి ఉంటదట.

ఆ సాయంత్రం సంపూర్ణ మొగడు బెంజమిన్ వల అక్కడే ఇడిచిపెట్టి ఇంటికి ఉరికొచ్చిండు. ఒళ్లంత చెమట.

"ఏడ్చింది సంపూర్ణా... నా చేతులకెల్లి తాడు గుంజింది!"

సంపూర్ణ పొయ్యి మీది కూర దించి లేచింది. ఇంట్ల ఉన్నది ఆ ఒక్క వలే.

"దెయ్యానికి వలెందుకయ్యా? చేపలమ్ముకుంటదా?"

పక్కింటి కోటేష్ అడ్డమొచ్చిండు. "పోకు వదినా... ఆడదానివి—"

"మగోళ్లు ఉరికొచ్చిన్రు గదా. ఇగ నేను పోత."

చీకట్ల ఒక్కతే తెడ్డేసింది. మడుగు దగ్గర నీళ్లు నల్లగ, అలికిడి లేకుంట ఉన్నై. అప్పుడు—

సన్నగ ఏడ్పు.

అయినా సంపూర్ణ వంగి వల తాడు పట్టుకున్నది. అటు నుంచి ఎవరో గుంజిన్రు... పడవ ఒరిగింది.

"ఇడువ! సచ్చినా ఇడువ! ఇది నా వల!"

తాడు అరచేతులు కోస్తున్నది. పడవ అంచుకు కాళ్లు తన్నిపెట్టి, బలమంత పెట్టి గుంజింది. వల పైకి తేలింది. నెత్తికి కట్టుకున్న లైటు ఏసింది.

మీసాలు... గుండ్రటి కండ్లు...

నీటికుక్క పిల్ల! వలల మెడ ఇరికి గిలగిల కొట్టుకుంటున్నది. దాని తల్లి వలను పండ్లతోటి కొరికి గుంజుతున్నది. చేపలు తిని బతికే ఆ నీటికుక్కల మందల మిగిలినయ్ చుట్టూ ఈదుకుంట పసిపిల్లల లెక్క ఏడుస్తున్నై.

సంపూర్ణకు నవ్వొచ్చింది. "ఇన్నేండ్లు లంకనంత ఉరికిచ్చింది మీరా?"

కత్తి తీసింది. ఉన్న ఒక్క వల... పానం చివుక్కుమన్నది. అయినా కోసింది. పిల్ల బుడుంగున మునిగింది. దాని వెనకే అన్నీ ఈదుకుంట దూరం పోయినై.

మడుగు నిమ్మళమైంది. చినిగిన వల పడవలేసుకొని, తెడ్డందుకున్నది.

మళ్ల ఏడ్పు... ఈసారి మనిషి పిల్లదే.

నీళ్లల్ల కాదు... పడవల. ఆమె వెనక, చెక్క పలక కింద.

సంపూర్ణ తెడ్డు గట్టిగ పట్టుకున్నది. వెనక్కి మాత్రం మర్లి చూడలే.

"ఏడువు," అన్నది గట్టిగనే. "ఎంతసేపు ఏడుస్తవో ఏడువు. వల కుట్టుకొని రేపు మళ్ల ఈడికే వస్త."

పడవ ఇద్దరెక్కినట్టు బరువుగ కదిలింది. ఆమె ఇంకింత జోరుగ తెడ్డేసింది.